తడి సున్నం, తెరుచుకోని ఫైలు

మంగళవారం పొద్దున ఏడింటికల్లా స్టమాతియా గుడి గోడకు సున్నం పూసేసింది. పొరపాటు అక్కడే జరిగింది. ఆ సంగతి ఆమెకూ తెలుసు. తెలుసు కాబట్టే ఆ రోజంతా ఫోనెత్తిన ప్రతి మనిషి మీదా విరుచుకుపడింది. తప్పు తనదైనప్పుడు ఎదుటివాళ్ళ మీద అరవడం ఎంత సుఖంగా ఉంటుందో మనకు తెలియనిది కాదు.

ఆమె తడి సున్నం మీద బొమ్మలు వేసే మనిషి. ముప్పై ఏళ్ళుగా అదే పని. తడిగా ఉన్నంతసేపూ సున్నం రంగును లోపలికి లాక్కుంటుంది, ఇక ఆ రంగు వందేళ్ళయినా పోదు. ఆరిపోయిందా, ఎంత అద్దినా పైపైన ఉండి పొడిలా రాలిపోతుంది. ఆస్ప్రోలిథి లాంటి గ్రీసు కొండ ఊళ్ళో, మే నెల ఎండలో, సముద్రం మీది నుంచి గాలి వీస్తుంటే, ఏడింటికి పూసిన సున్నం ఒంటిగంటన్నర దాకా తడి నిలుపుకుంటే గొప్ప. చెక్కేసి మళ్ళీ పూద్దామంటే సున్నం లేదు. ఆమె గురువు థీమియోస్ మేస్త్రి చనిపోయే ముందు గోతిలో నానబెట్టి వెళ్ళిన సున్నంలో అది ఆఖరి బకెట్. బజారులో దొరికే సంచి సున్నాన్ని ఆమె కోళ్ళ గూటికి కూడా పూయదు.

వేయాల్సిన బొమ్మ ఒక ఆడమనిషిది. పేరు వాయా. ఆ ఊళ్ళో గుడంటే చర్చే, అది కట్టేటప్పుడు ఏదైనా ఇచ్చినవాళ్ళను గోడ మీద ఓ మూల చిత్రించడం అక్కడి ఆనవాయితీ. వాయా తన పెళ్ళికి పుట్టింటివాళ్ళు పెట్టిన నాలుగు అక్రోటు చెట్లూ కొట్టించి గుడి కప్పుకు దూలాలిచ్చింది. అందుకని ఆమెను వేశారు. 1932లో భూమి కంపించి ఆ గోడా పోయింది, ఇంటి కప్పు కూలి వాయా కూడా పోయింది. అప్పటికి ఆమె కూతురికి ఎనిమిదేళ్ళు. తర్వాత గోడ మళ్ళీ కట్టారు, బొమ్మ మాత్రం వేయలేదు. ఆ కూతురి కొడుకే జీసిస్. ఇప్పుడు ఎనభై రెండేళ్ళవాడు, గుడి తాళాలూ కొవ్వొత్తులూ ఆయన చేతిలోనే ఉంటాయి. ఊళ్ళో చిన్నా పెద్దా అందరూ బార్బా జీసిస్, అంటే జీసిస్ బాబాయ్, అనే పిలుస్తారు.

"మా అమ్మ తొంభై ఏళ్ళు బతికిందమ్మాయ్" అని చెప్పాడు ఆయన, పని మొదలుపెట్టిన రోజున. "పోయేదాకా ఒకటే బాధ. 'అమ్మ మొహం మర్చిపోయాన్రా జీసిస్' అనేది. 'గోడ మీద ఉండేది, ఎక్కడికి పోతుందిలే అనుకునేదాన్ని' అనేది. నేను మాత్రం చూసి పోవాలి."

ఆ మొహం లోకంలో ఒక్క చోటే మిగిలింది. గోడ పడడానికి ఏడాది ముందు, ఆ ఊరి నుంచే వెళ్ళి సన్యాసం పుచ్చుకున్న ఒకాయన పెట్టె కెమెరాతో వచ్చి, గుడి లోపలంతా ఫోటోలు తీసి, ఆ గాజు పలకలను తన మఠానికి పట్టుకుపోయాడు. అఖాతానికి అవతల, పవిత్ర పర్వతం మీద ఉండే క్సిరోపిగాది మఠం అది. ఈ మధ్య పలకలన్నిటినీ స్కాన్ చేసి మఠం గ్రంథాలయంలో ఒక సర్వర్ పెట్టి అందులో ఉంచారు. చిన్న బొమ్మ ఎవరైనా చూడొచ్చు. అందులో వాయా మొహం బియ్యపు గింజంత ఉంటుంది. పెద్ద ఫైలు దించుకోవాలంటే మఠాధిపతి అనుమతి ఉండాలి, తెస్సలొనీకిలోని ఒక విద్యాసంస్థ ఇచ్చే లాగిన్ కూడా ఉండాలి. నాలుగు నెలలు తిరిగితే సోమవారం సాయంత్రానికి రెండూ చేతికొచ్చాయి. గురువారం గుడి పండుగ, బిషప్ వస్తాడు. పది నిమిషాల్లో దిగే ఫైలే కదా అనుకుని, స్టమాతియా తెల్లారగానే ముందు సున్నం పూసి, ఆ తర్వాత తీరిగ్గా ల్యాప్‌టాప్ తెరిచింది.

గుడిలో సిగ్నల్ గుమ్మం పక్కన కొవ్వొత్తుల బల్ల దగ్గర మాత్రమే వస్తుంది. ల్యాప్‌టాప్ అక్కడ, గోడ పరంజా మీద. ఎనిమిదిన్నరకు లాగిన్ కొట్టింది. "స్వాగతం, కిరియా స్టమాతియా" అంది పేజీ, మర్యాదగా శ్రీమతి అని పిలిచి. ఫైలు కింద బొత్తాం నొక్కింది. "401. మీరెవరో నిర్ధారణ కాలేదు" అంది.

"ఇప్పుడేగా పేరు పెట్టి పిలిచావ్!" అంది స్టమాతియా.

మళ్ళీ నొక్కింది. నిర్ధారణ కాలేదు. బయటికొచ్చి మళ్ళీ లోపలికెళ్ళింది. స్వాగతం అంది. నొక్కింది. నిర్ధారణ కాలేదు. గుమ్మంలో కుర్చీలో కూర్చోబెట్టి వంటింట్లోకి మాత్రం రానివ్వని అత్తగారిలా ఉంది దాని వరస.

తెస్సలొనీకికి ఫోన్ చేసింది. లాగిన్ల సంగతి చూసే ఆవిడ పేరు పొలిక్సేనీ. ఆవిడ ముందు ఒక పట్టిక ఉంటుంది, పట్టికలో ప్రశ్నలుంటాయి. ఇల్లు తగలబడుతోందన్నా మొదటి ప్రశ్న నుంచే మొదలుపెట్టే రకం.

"బ్రౌజర్ మూసి తెరిచారా?"

"తెరిచాను."

"కుకీలు తుడిచారా?"

"తుడిచాను. వేరే బ్రౌజర్‌లో చూశాను. ఫోన్‌లో చూశాను. పాస్‌వర్డ్ కాగితం మీద రాసుకుని ఒక్కో అక్షరం వేలు పెట్టి కొట్టాను."

"కంప్యూటర్ ఆపి మళ్ళీ వేశారా?"

"కిరియా పొలిక్సేనీ, ఇక్కడ నా గోడ ఆరిపోతోందండీ!"

"గోడ సంగతి మా పట్టికలో లేదండీ. పాస్‌వర్డ్ మార్చి చూడండి."

మార్చింది. కొత్త పాస్‌వర్డ్‌లో ఒక అంకె ఉండాలంది, పెద్దక్షరం ఉండాలంది, ఒక గుర్తు ఉండాలంది, పాతదానికి దగ్గరగా ఉండకూడదంది. కోపంలో ఏదో కొండవీటి చాంతాడంత పాస్‌వర్డ్ పెట్టింది. పెట్టిన రెండు నిమిషాలకే తనకే గుర్తులేకుండా పోయింది. ఐదుసార్లు తప్పు కొట్టింది. అప్పుడు పేజీ తాళం వేసుకుంది. "అరగంట తర్వాత ప్రయత్నించండి."

"ఆ తాళం తీయండి" అంది ఫోన్‌లో.

"అది యంత్రం తనంతట తాను వేసుకునే తాళమండీ. అదే తీస్తుంది. మీరు ఒక కాఫీ తాగి రండి."

ఒళ్ళు మండిపోయింది స్టమాతియాకు. ఫోన్ పెట్టేసి పరంజా ఎక్కింది. మొహం రాకపోయినా మిగతాది వేయొచ్చు. ఆ కాలంలో ఆ ఊరి ఆడవాళ్ళు కట్టుకున్న నల్ల తలగుడ్డ, అంచుకు నాణేల వరస, మెడ దగ్గర ఎర్ర కుట్టుపని ఆమెకు కళ్ళు మూసుకున్నా వచ్చు. అరగంటలో అవన్నీ వేసేసింది. మధ్యలో కోడిగుడ్డు ఆకారంలో తెల్లటి ఖాళీ మిగిలింది.

బార్బా జీసిస్ కింద కుర్చీలో కూర్చుని ఉన్నాడు. ఆ పొద్దున గడ్డం గీయించుకుని, పెళ్ళిళ్ళకు వేసుకునే కోటు తొడుక్కుని వచ్చాడు. తడి దుప్పట్లు తెచ్చి కిటికీలకు కట్టి, లోపలికి గాలి రాకుండా చేసింది కూడా ఆయనే.

"ఎంతవరకొచ్చిందమ్మాయ్?"

"లోపలికి రమ్మంటోంది, అడిగింది మాత్రం ఇవ్వనంటోంది."

"మా మునిసిపాలిటీలా ఉందే" అన్నాడు ఆయన. గోడ వైపు చూసి, "నేను ఎనభై రెండేళ్ళు ఆగాను. నాకేం తొందర లేదు. గోడకే తొందర" అన్నాడు.

ఆ మాట ఆయన ఓదార్పుకే అన్నాడు. కానీ స్టమాతియా తన్ను తానే తిట్టుకుంది. సున్నం ముందే పూసి కూర్చోమని ఎవరు చెప్పారు? ఫైలు చేతికొచ్చాకే బకెట్ మూత తీయాలని పదహారేళ్ళ శిష్యురాలికైనా తెలుస్తుంది. థీమియోస్ మేస్త్రి బతికుంటే తాపీ తీసి నెత్తిన ఒక్కటిచ్చేవాడు.

పది గంటలకు తాళం ఊడింది. కొత్త పాస్‌వర్డ్ పెట్టి లోపలికి వెళ్ళింది. స్వాగతం అంది. ఫైలు నొక్కింది. 401.

"మా వైపంతా పచ్చగా ఉందండీ" అంది పొలిక్సేనీ. "లాగిన్ అవగానే మేం మీ పేరు మీద పాసు ఇస్తున్నాం. దాన్ని తిప్పి కొడుతున్నది మఠం. వాళ్ళనడగండి."

మఠానికి ఉన్నది ఒక్కటే ఫోను, ద్వారం పక్క గదిలో. పన్నెండుసార్లు మోగాక ఎవరో ఎత్తారు. గ్రంథాలయం చూసే సన్యాసి కావాలంటే, ఆయన్ను వెతుక్కుని తీసుకొచ్చేసరికి ఏడు నిమిషాలు పట్టింది. ఫాదర్ సిసోయిస్ అట ఆయన పేరు. ఒకప్పుడు పిరేయస్ రేవులో ఓడల ఇంజన్లు బాగుచేసేవాడట. గొంతు నెమ్మదిగా, తేనెలా ఉంది. ఆ నెమ్మది చూసి స్టమాతియాకు ఇంకా మండింది.

"మీ పేరు జాబితాలో ఉందో లేదో చూసొస్తానమ్మా. యంత్రం బురుజు పైన ఉంది. నూట పన్నెండు మెట్లు. ఫోన్ పెట్టేయకండి."

రిసీవర్ బల్ల మీద పెట్టిన చప్పుడు. ఆ తర్వాత చాలాసేపు ఓ కాకి అరుపు, ఎవరో బకెట్ ఈడుస్తున్న చప్పుడు. పావుగంటకు ఆయాసపడుతూ వచ్చాడు.

"ఉందమ్మా. పేరు పక్కన టిక్కు కూడా ఉంది."

"అయితే నన్నెందుకు రానివ్వట్లేదు ఫాదర్? యంత్రం ఆపి మళ్ళీ వేయండి."

"అలాగే" అని వెళ్ళాడు. మళ్ళీ కాకి. మళ్ళీ పావుగంట. వేశానన్నాడు. నొక్కింది. 401.

"ఫాదర్, మీకు మొబైల్ లేదా? పైన కూర్చుని మాట్లాడితే ఇద్దరికీ ప్రాణం సుఖంగా ఉంటుంది కదా!"

"దానికి మఠాధిపతి ఆశీర్వాదం లేదమ్మా."

"నేనే పడవెక్కి వచ్చి చూసుకుందునా అంటే మీ కొండ మీద ఆడదాన్ని అడుగు పెట్టనివ్వరాయె! కొండ మీదికి నేను రాకూడదు, కొండ మీంచి ఫైలు రాకూడదు. నన్నేం చేయమంటారు?"

"ప్రార్థన చేయండమ్మా" అన్నాడు ఆయన. వెటకారం కాదు, నిజంగానే అన్నాడు. స్టమాతియా ఫోన్ చెవి నుంచి దూరంగా పెట్టి, గుడిలో ఉన్నానన్న ఇంగితం కూడా లేకుండా ఓ పచ్చి మాట అనేసింది. బార్బా జీసిస్ గోడ వైపు తిరిగి శిలువ గుర్తు వేసుకున్నాడు.

అప్పుడే బల్ల మీదున్న ఆమె రెండో ఫోన్ మోగింది. పొలిక్సేనీ. ఆవిడ తనంతట తాను ఫోన్ చేయడం స్టమాతియాకు నమ్మశక్యం కాలేదు.

"మీరు గోడ అన్నారు కదా, అది నా బుర్రలో తిరుగుతూనే ఉందండీ" అంది ఆవిడ, పట్టిక గొంతు కాకుండా మామూలు గొంతుతో. "పట్టిక పక్కన పెట్టి, మఠం నుంచి తిరిగొచ్చిన జవాబు పూర్తిగా చదివాను. మీ పాసు దొంగదని అనట్లేదు. 'ఇంకా మొదలు కాలేదు' అంటోంది."

"ఏమిటి మొదలు కాలేదు?"

"పాసు మీద మేం ఇచ్చిన తేదీ, టైము ఉంటాయి. ఇవాళ పొద్దున ఇచ్చాం. మఠం యంత్రానికి ఇవాళ పొద్దున ఇంకా రాలేదు."

స్టమాతియా మఠం లైన్‌లో ఉన్న మొదటి ఫోన్ అందుకుంది.

"ఫాదర్, ఆ యంత్రం మీద ఇప్పుడు టైమెంత?"

"అది కచ్చితంగా ఉంటుందమ్మా, నేనే చూసుకుంటాను. దిగొచ్చేటప్పుడు చూశాను, రెండూ ఇరవై."

ఆమె ఫోన్‌లో పదీ యాభై.

"తేదీ?"

"మే ఆరు."

బయట లోకమంతటికీ అది మే పంతొమ్మిది.

ఆ కొండ మీద కాలం లెక్క వేరని స్టమాతియాకు తెలియక కాదు, గ్రీసులో బడి పిల్లలకు కూడా తెలుసు. అక్కడ సూర్యుడు అస్తమించగానే పన్నెండు. తేదీ పాత పంచాంగం ప్రకారం పదమూడు రోజులు వెనక. సన్యాసులు అలా బతుకుతారు, బతకనివ్వండి, ఎవరికి నష్టం? కానీ కంప్యూటర్‌కు కూడా సన్యాసం ఇప్పిస్తారని ఎవరనుకుంటారు!

"పిడుగు పడిన రోజున యంత్రం ఆగిపోయిందమ్మా" అని చెప్పాడు సిసోయిస్. "మళ్ళీ వేస్తే టైమెంతని అడిగింది. గోపురం గడియారం చూసి చెప్పాను. తెల్లారేసరికి తనంతట తానే లోకం టైముకు వెళ్ళిపోయింది. దిద్దాను. మర్నాడూ అంతే. ఇదేం మొండితనం అనుకుని వెతికి వెతికి, అలా వెళ్ళిపోయే ఏర్పాటే ఆపేశాను. సూర్యాస్తమయం వేళ రోజురోజుకూ జరుగుతుంటుంది కదా, అందుకని ప్రతి శనివారం నిమిషాలు సరిచేస్తాను." ఆ గొంతులో కాస్త గర్వం కూడా వినిపించింది.

"అయ్యో దేవుడా! ఎన్నాళ్ళయింది?"

"పన్నెండు రోజులు. అవునమ్మా, ఈ మధ్య ఎవరూ ఫైళ్ళు దించుకోవట్లేదేమిటా అనుకున్నాను."

"మార్చండి ఫాదర్. ఇప్పుడే పైకెళ్ళి లోకం టైము పెట్టండి. అదొక్కటీ చేయండి చాలు."

"ఆశీర్వాదం లేకుండా ముట్టుకోలేనమ్మా."

"మొదట మార్చినప్పుడు తీసుకున్నారా ఆశీర్వాదం?"

"లేదమ్మా. మంచి పనే కదా అని అడగలేదు."

"మరి!"

"అందుకే ఇప్పుడు అడగాలి."

స్టమాతియా నుదురు కొవ్వొత్తుల బల్లకేసి కొట్టుకుంది. నిజంగానే కొట్టుకుంది, మైనం అంటుకుంది. మఠాధిపతి ఎక్కడున్నాడంటే, కింద కూరగాయల తోటలో చిక్కుడు పాదులకు కర్రలు పాతుతున్నాడట. వెళ్ళడానికి పది నిమిషాలు, రావడానికి పదిహేను.

"వెళ్ళండి ఫాదర్. నడవద్దు, పరిగెత్తండి. మీనమేషాలు లెక్కపెట్టకుండా అడగండి. అవతల ఒక ముసలాయన తన అమ్మమ్మ మొహం కోసం పొద్దున్నుంచి కోటు వేసుకుని కూర్చున్నాడని చెప్పండి!"

ఆయన వెళ్ళాడు. ఆమె పరంజా ఎక్కి తెల్లటి ఖాళీ అంచున వేలి కొనతో తాకింది. చల్లగా, మెత్తగా ఉంది. కానీ పొద్దున్నలా వేలికి అంటుకోలేదు. నీళ్ళు చల్లడానికి లేదు, చల్లితే పైన మచ్చ కడుతుంది. చేయడానికి ఏమీ లేదు. చేతులు ఒళ్ళో పెట్టుకుని పరంజా పలక మీద కూర్చుంది. కళ్ళలో నీళ్ళు తిరిగాయి. ఏడుపు కన్నా కోపమే ఎక్కువగా ఉంది అందులో. ఒక ఆడమనిషి మొహానికీ తనకూ మధ్య గోడ లేదు, సముద్రం లేదు. ఒక గడియారం అడ్డుగా ఉంది, అంతే.

పదకొండూ నలభైకి దిగొచ్చి బల్ల దగ్గర కూర్చుని ఫోన్ చెవిన పెట్టుకునేసరికి వేరే గొంతు. ముసలి గొంతు, కానీ గట్టిది.

"నేను గెరోండా పఖోమియోస్‌ని. ఏమిటమ్మాయ్, మావాణ్ణి తోట దాకా పరిగెత్తించావట?"

మఠాధిపతే స్వయంగా వచ్చాడని తెలిసి స్టమాతియా కూర్చున్నచోటి నుంచి లేచి నిలబడింది. చెప్పడం మొదలుపెట్టబోతే ఆయనే అందుకున్నాడు.

"అంతా చెప్పాడు. 'ఒరే సిసోయిస్, ఆ యంత్రానికి బాప్తిస్మం ఎవడిచ్చాడ్రా, మన పండుగలు చేయడానికి?' అనడిగాను. ఆశీర్వాదం ఇచ్చేశాను. పైకెక్కుతున్నాడు. కాస్త ఓపిక పట్టు. వాడి మోకాళ్ళు రెండూ అరిగిపోయాయి, పొద్దున్నుంచి నీ కోసం ఎక్కడం ఇది మూడోసారి."

పొద్దున్నుంచి వినిపించిన ఆ ఆయాసాన్ని స్టమాతియా ఇంతసేపూ బద్ధకం అనుకుంది.

"క్షమించండి గెరోండా. ఆయన్ను చాలా మాటలన్నాను."

"అను, పర్లేదు. వాడికి మంచిదే" అని ఫోన్ పెట్టేశాడు ఆయన.

పన్నెండుకు ఐదు నిమిషాలుండగా, ఈపాటికి గడియారం మార్చి ఉంటాడని లెక్కేసుకుని, నొక్కింది. 401.

ఈసారి అరవలేదు. అరిచే ఓపిక అయిపోయింది. తెస్సలొనీకికి ఫోన్ చేసింది.

"గడియారం మార్చినా రావట్లేదండీ."

"మీ దగ్గరున్నది వాళ్ళు ఒకసారి తిప్పికొట్టిన పాసు. బయటికి వచ్చేసి, బ్రౌజర్ మూసి, మళ్ళీ తెరవండి" అంది పొలిక్సేనీ.

పొద్దున ఆవిడ అడిగిన మొట్టమొదటి ప్రశ్న అది. స్టమాతియా పళ్ళు కొరుక్కుంటూ మూసింది. తెరిచింది. స్వాగతం అంది. నొక్కింది.

పేజీ కింద సన్నటి నీలం గీత ఒకటి మొదలైంది.

"దిగుతోంది!" అని ఇద్దరూ ఒకేసారి అరిచారు, ఒకరు గుడిలో, ఒకరు తెస్సలొనీకిలో.

ఫైలు పెద్దది, ఆ ఊరి నెట్ నత్తలా నడుస్తుంది. స్టమాతియా బార్బా జీసిస్‌ను కుర్చీతో సహా బల్ల దగ్గరికి జరిపి, నూటికి ఎంత దిగిందో అంకె చెబుతూ ఉండమని చెప్పి, తను పైకెక్కి రంగులు కలపడం మొదలుపెట్టింది. పచ్చమన్ను, కావి, కాస్త బొగ్గు. కింది నుంచి ఆయన వేలంపాట పాడినట్టు పిలుస్తున్నాడు.

"ఇరవై రెండు! ... ముప్పై ఐదు! ... ముప్పై ఐదు! ... అమ్మాయ్, ముప్పై ఐదు దగ్గర కూర్చుంది!"

"ముట్టుకోకు బార్బా! అదే లేస్తుంది!"

"లేచింది! నలభై!"

పన్నెండూ ముప్పై ఐదుకు నూరైంది. స్టమాతియా దూకినంత పని చేసి దిగొచ్చి, ఫైలు తెరిచి, బొమ్మను పెద్దది చేసి, ఇంకా పెద్దది చేసి, మొహం తెర నిండా వచ్చేలా పెట్టింది. తను ఒక్క చూపు చూసింది. నుదురు ఎక్కువ, కనుబొమలు దగ్గర, కింది పెదవి కాస్త ముందుకు. చాలు, బొమ్మ వచ్చేస్తుంది. కుంచెలు కడగాలని మళ్ళీ పైకి పరిగెత్తింది. యాభై ఐదు నిమిషాలుంది. ఒక మొహానికి సరిగ్గా సరిపోతుంది, నిమిషం అటూ ఇటూ కాకుండా. కుంచె తీసి పచ్చమన్నులో ముంచి, "ల్యాప్‌టాప్ పైకి అందించు బార్బా" అనబోయి కిందికి చూసింది.

ఆయన ల్యాప్‌టాప్‌ను ఒళ్ళోకి తీసుకున్నాడు. రెండు చేతులతో రెండు వైపులా పట్టుకున్నాడు, పసిపిల్ల మొహం పట్టుకున్నట్టు. కళ్ళద్దాలు నుదుటి మీదికి తోసి, బాగా దగ్గరికి వంగాడు.

"ఇంత చిన్నపిల్లా!" అన్నాడు.

"మా ఫొటినీ కన్నా చిన్నది" అన్నాడు. ఫొటినీ ఆయన మనవరాలు, కవాలాలో మందుల దుకాణంలో పనిచేస్తుంది. "అమ్మమ్మా అమ్మమ్మా అంటూ జీవితమంతా ఓ ముసలామెను తలుచుకుంటూ వచ్చానే నేను. ఇది పిల్ల. బుగ్గల మీద నూగు కూడా పోలేదు దీనికి."

గోడ పక్కన ఆమె కుంచె నుంచి పచ్చ చుక్క ఒకటి పరంజా పలక మీద పడింది. గుమ్మం పైనున్న గోడ గడియారం పన్నెండూ నలభై చూపిస్తోంది. 'ఇటివ్వు బార్బా, తర్వాత జీవితమంతా చూసుకుందువుగాని' అన్న మాట ఆమె నాలుక చివరి దాకా వచ్చింది. పొద్దున్నుంచి ఒక్కొక్క నిమిషం కోసం ఎంతమందితో పోట్లాడింది! ఎంత మంచి మనిషిని నూట పన్నెండు మెట్లు ఎక్కించి దించింది!

ఆయన తెర మీద వేలి కొనతో చెంప నిమిరాడు. తెర మీద బొమ్మ పక్కకు జరిగి, మళ్ళీ తిరిగొచ్చింది. ఆయన భయపడి వేలు తీసేశాడు. తర్వాత చాలా మెల్లగా, చిన్నపిల్లతో మాట్లాడినట్టు మాట్లాడాడు.

"తల్లీ, నీ కూతురు నిన్ను మర్చిపోలేదే. మొహం ఒక్కటే మర్చిపోయింది. ఎనిమిదేళ్ళది కదా, దానికేం తెలుసు. కోప్పడకు."

స్టమాతియా కుంచెను నీళ్ళ గిన్నెలో పెట్టేసింది. పలక మీద కూర్చుంది. కిటికీలకు కట్టిన దుప్పట్లు అప్పటికే సగం ఆరాయి, గాలి వాటిని కదిలిస్తోంది. గోడ ఆరుతోందని ఆమెకు వాసనే చెబుతోంది. ఆయన ఏదేదో చెబుతూనే ఉన్నాడు. ఆ తల్లికి పుట్టిన మనవళ్ళ పేర్లు, వాళ్ళ పిల్లల పేర్లు, ఎవరెవరు ఎక్కడున్నారో. ఆమె వినకుండా ఉండాలనుకుంది, కానీ అంతా విన్నది.

ఆయనే తలెత్తి, ఉలిక్కిపడి, "అయ్యో, గోడ!" అంటూ ల్యాప్‌టాప్ పైకి అందించేసరికి ఒంటిగంటకు ఐదు నిమిషాలుంది.

స్టమాతియా ముప్పై ఐదు నిమిషాలు తల తిప్పకుండా వేసింది. నుదురు, కళ్ళు, ముక్కు, ముందుకొచ్చిన ఆ కింది పెదవి, కుడి చెంప. ఎడమ చెంపకు వచ్చేసరికి గోడ రంగును తీసుకోవడం మానేసింది. కుంచె ఎండు కాగితం మీద రాసినట్టు కరకరలాడింది. ఆమె కుంచె దించేసింది. ఆరిన గోడ మీద అద్ది పూర్తిచేయొచ్చు, చూసేవాళ్ళకు తేడా కూడా తెలియదు. కానీ అది రెండేళ్ళలో రాలిపోతుంది. అలాంటి పని ఆమె చేయదు.

గురువారం బిషప్ వచ్చాడు. ప్రార్థనలయ్యాక గోడ ముందు నిలబడి, వాయాను చాలాసేపు చూశాడు.

"కళ్ళు చాలా బాగా వచ్చాయి. మరి ఈ ఎడమ చెంప ఇలా తెల్లగా వదిలేశారేమిటి?"

"టైము చాల్లేదండీ" అంది స్టమాతియా.

"అయ్యో. ఎంత తక్కువైంది?"

ఆమె జవాబు చెప్పేలోపు వెనక నుంచి బార్బా జీసిస్ ముందుకొచ్చాడు, అదే కోటులో.

"ఇరవై నిమిషాలు" అన్నాడు. "నేను తీసుకున్నాను."